గులాబీ పావురం పనులు: సభ్యులకు వార్షిక నివేదిక

గౌరవ సభ్యులకు నమస్కారం.

గత ఉగాది తర్వాత జరిగిన సర్వసభ్య సమావేశంలో, మన మారిషస్ అడవుల్లో తప్ప మరెక్కడా లేని గులాబీ పావురం కోసం ఏదైనా చేద్దామని తీర్మానించాం. "భజనకే జనం రావడం లేదు, పావురానికి వస్తారా?" అని ఒక పెద్దాయన అడిగారు. అడవి పనికి మొదటిసారి వెళ్లినప్పుడు బస్సు నిండింది. నాలుగోసారికి సగం ఖాళీ. దాచడమెందుకు?

కొత్త సభ్యుల కోసం కొంచెం వెనక్కి వెళ్తాను. 1990 ప్రాంతంలో అడవిలో మిగిలినవి సుమారు పది పక్షులు. 1970లలోనే కొన్నింటిని పట్టి పెంచడం మొదలుపెట్టారు కాబట్టి, 1987 నుంచి వాటి సంతతిని అడవిలోకి వదలగలిగారు. ఇప్పుడు నాలుగు వందలకు పైగా ఉన్నాయి. 2018లో ఈ పక్షి అంతరించే ప్రమాద స్థాయిని ఒక మెట్టు తగ్గించారు కూడా. ఆ వార్త విని మనలో కొందరు "ఇక గండం గడిచింది" అనుకున్నారు. అడవిలో మేత పెట్టేవారు, పిల్లులనూ ఎలుకలనూ పట్టేవారు చేతులు ముడుచుకుంటే ఆ లెక్క నిలవదు. మన దీవిలోనే అంతరించిపోయిన డోడో పక్షి కూడా ఈ పావురాల కుటుంబానిదే.

బ్లాక్ రివర్ గోర్జెస్ జాతీయవనంలో చైనా జామ మొక్కలు పీకాం. బయటినుంచి వచ్చిన ఈ జామ గుబురుగా అల్లుకుని స్థానిక చెట్ల మొలకలను ఎదగనివ్వదు. అవి లేకపోతే పావురానికి తినే ఆకూ పండూ కరువే. చలికాలంలో ఆ ఎర్రటి కాయలను ఉప్పూకారం అద్దుకుని తినేది మనమే కనుక, పీకుతుంటే కొందరికి మనసొప్పలేదు. నాకూ ఒప్పలేదు.

మాహెబూర్ దగ్గరి ఈల్ ఒజెగ్రెత్ దీవికి పడవలో వెళ్లిన రోజు మాత్రం అందరికీ గుర్తుంటుంది. ఒక పావురం తలకు పైనున్న కొమ్మ మీద వాలింది. లేత గులాబీ ఒళ్లు, గోధుమరంగు రెక్కలు, ఇటుకరంగు తోక, మొదట్లో ఎర్రగా కొసన తెల్లగా ఉన్న ముక్కు. కాళ్లకు రంగురంగుల కడియాలు. ఏ పక్షి ఏదో గుర్తుపట్టేది వాటితోనే. మనవైపు చూసి, బెదరకుండా ఈకలు సవరించుకుంది. ఈ బెదరని స్వభావమే పిల్లులకూ ముంగిసలకూ కలిసొచ్చింది.

సంఘంలో వాదన రేగింది మేడల మీద గింజలు చల్లే విషయంలో. పుణ్యమని చల్లుతాం, కాదనను. కానీ గువ్వలూ ఊరపావురాలూ ట్రైకొమోనాస్ అనే క్రిమిని మోస్తాయి. అది గొంతులో చేరుతుంది. మేతా నీరూ పంచుకున్నచోట ఒకదాని నుంచి ఒకదానికి అంటుకుంటుంది. తల్లీతండ్రీ గొంతుసంచిలో ఊరే పాలతోనే పిల్లలకూ పాకుతుంది. గూట్లోనే పోయే పిల్లలు ఎన్నో. అడవి అంచు ఊళ్లలో ఉన్న సభ్యులు గింజలు చల్లడం మానాలని, పిల్లులను రాత్రిళ్లు ఇంట్లోనే ఉంచాలని కార్యవర్గం కోరింది. మొదటిది కొందరు ఒప్పుకున్నారు. రెండోదానికి ఇంకా ఎవరూ మాట ఇవ్వలేదు.

జమాఖర్చులు కోశాధికారి రాబోయే సభలో చదువుతారు. ఖర్చులో ఎక్కువ భాగం బస్సు అద్దెకే పోయింది.

వచ్చే ఏడాది జామ పనిని కాయలు పండకముందే పెట్టుకుందామని నా ప్రతిపాదన. పండిన తర్వాత వెళితే పీకడం కన్నా తినడమే ఎక్కువవుతోంది. చేతితొడుగులు ఇళ్లకు తీసుకెళ్లినవారు దయచేసి ఆ సభకు తెచ్చివ్వగలరు.

— కార్యదర్శి