ఓఆర్‌ఎస్ ప్యాకెట్ లీటరు నీళ్ళలోనే ఎందుకు కలపాలో పిల్లలకి చెప్పండి

సంపాదకులకు నమస్కారం.

నేను ముప్పై రెండేళ్ళు స్టాఫ్ నర్సుగా పనిచేసి రిటైరయ్యాను. అందులో ఎక్కువ కాలం పిల్లల వార్డులోనే గడిచింది. ఇప్పుడు గుంటూరు కొరిటెపాడులో ఉంటున్నాను. మా మనవరాలు విజయవాడలో హాస్టల్లో ఉండి ఇంటర్ బైపీసీ చదువుతోంది. దసరా సెలవులకి వచ్చినప్పుడు వరండాలో అటూ ఇటూ తిరుగుతూ పాఠం వల్లె వేస్తోంది. "కణత్వచం గుండా శక్తి ఖర్చు లేకుండా జరిగేది నిష్క్రియ రవాణా, శక్తి ఖర్చుతో జరిగేది సక్రియ రవాణా." ఇదే వాక్యం పదిసార్లు. "అంటే ఏంటే తల్లీ?" అని అడిగాను. "తేడాలు రాయమంటారు అమ్మమ్మా, నాలుగు మార్కులు" అంది.

తప్పు పిల్లది కాదు. దానికి ఎవరూ అంతకుమించి చెప్పలేదు. కానీ ఆ పాఠం తెలియకపోతే ఏమవుతుందో నేను వార్డులో కళ్ళారా చూశాను. అది మీ పాఠకులకి చెప్పాలనిపించి ఈ ఉత్తరం రాస్తున్నాను.

ఒక మే నెల. వార్డులో మంచానికి ఇద్దరేసి పిల్లలు. మిరపకాయల తొడిమలు తీసే పనికి వెళ్ళే ఒక అమ్మాయి తొమ్మిది నెలల బాబుని భుజాన వేసుకుని పరుగున వచ్చింది. రెండు రోజులుగా నీళ్ళ విరేచనాలు. "ఓఆర్‌ఎస్ పట్టిస్తూనే ఉన్నానమ్మా, ఎంత పట్టిస్తే అంతకంతా పోతున్నాయి" అని ఏడుస్తోంది. మామూలుగా నీరు పోయిన పిల్లల పొట్ట మీద చర్మం పట్టి లాగితే మడత అలాగే నిలబడుతుంది. ఈ బాబు చర్మం అలా లేదు, కలిపిన పిండిని ముట్టుకున్నట్టుంది. నాలుక మాత్రం పూర్తిగా ఎండిపోయింది. సన్నగా, కీచుగా ఏడుపు. చెంచా చూపిస్తే చాలు, మింగేసేటట్టు నోరు తెరుస్తున్నాడు. గంట తిరగకుండానే ఫిట్స్ వచ్చాయి. రక్తపరీక్షలో సోడియం 160 దాటి ఉంది. ఉండాల్సింది 135 నుంచి 145 లోపు.

డాక్టరు గారు అడగమంటే నేనే అడిగాను, ప్యాకెట్ ఎలా కలిపావమ్మా అని. "టీ గ్లాసులో ప్యాకెట్ మొత్తం. చిక్కగా ఉంటే బలం కదమ్మా!" అంది. పాలు పలచగా ఉంటే బలం ఉండదని విన్న తల్లి ఇంకెలా అనుకుంటుంది? ప్యాకెట్ ఇచ్చిన మందుల షాపులో ఎవరూ ఏమీ చెప్పలేదట. దాని మీద అక్షరాలు చీమ తలకాయంత ఉన్నాయి. ఆ అమ్మాయికి చదువు రాదు.

మా ఇళ్ళల్లో మాగాయ పెట్టేవాళ్ళకి ద్రవాభిసరణ గురించి కొత్తగా చెప్పక్కర్లేదు. మామిడి ముక్కలకి ఉప్పు పట్టించి జాడీలో పెడితే మూడో రోజుకి ఊట ఎక్కడి నుంచి వచ్చింది? మనం చుక్క నీళ్ళు పొయ్యలేదు. బయట ఉప్పు ఎక్కువైంది కాబట్టి ముక్కలోని కణాల్లో ఉన్న నీరు పొర దాటి బయటికి వచ్చేసింది. ఎవరూ పిండలేదు, తోడలేదు. పలచగా ఉన్న వైపు నుంచి చిక్కగా ఉన్న వైపుకి నీరు దానంతటదే పోతుంది. లీటరు ప్యాకెట్‌ని గ్లాసుడు నీళ్ళలో కలిపి పట్టిస్తే ఆ బాబు పేగులో జరిగింది అదే. రక్తంలోకి వెళ్ళాల్సిన నీరు తిరిగి పేగులోకే ఊరింది, విరేచనం పెరిగింది. పైగా ఉప్పు రక్తంలోకి చేరి, మెదడు కణాల్లోని నీటిని కూడా బయటికి లాగింది. ఫిట్స్ అందుకే. వైద్యంలో కూడా తొందర పనికిరాదు. రక్తాన్ని ఒక్కసారిగా పలచన చేస్తే నీరు ఎదురు తిరిగి మెదడు కణాల్లోకి దూరి అవి ఉబ్బుతాయి. రెండు రోజుల పాటు బొట్టు బొట్టు లెక్కపెట్టి ఎక్కించారు. బాబు బతికాడు.

మరి నీళ్ళు పోతుంటే ఉత్త నీళ్ళే పట్టించొచ్చుగా, అందులో పంచదార ఎందుకు, ఉప్పు ఎందుకు అని తల్లులు అడిగేవారు. నర్సింగ్ చదివే రోజుల్లో నేనూ బట్టీ పట్టినదాన్నే. ఈ ప్రశ్నకి జవాబు వెతుక్కుంటుంటేనే నాకు ఆ పాఠం నిజంగా అర్థమైంది.

కణం చుట్టూ ఉండే పొర, అంటే మా పిల్ల వల్లె వేసిన కణత్వచం, మిల్లీమీటరులో లక్షో వంతు కన్నా పలచన. అది కొవ్వు పొర. ఆక్సిజన్, కార్బన్ డయాక్సైడ్ లాంటివి దాని గుండా సులువుగా దాటిపోతాయి. నీటికి చాలా కణాల్లో ప్రత్యేకంగా సన్నటి దారులు ఉంటాయి. వాటిని కనిపెట్టిన పీటర్ ఆగ్రేకి 2003లో నోబెల్ ఇచ్చారు. ఉప్పులోని సోడియం, గ్లూకోజు మాత్రం కొవ్వు పొరని అంత తేలిగ్గా దాటలేవు. వాటికి ప్రొటీన్ తలుపులు కావాలి. పేగు గోడలోని కణానికి ఆహారం వైపున్న తలుపుల్లో ఒకటి భలే చిత్రమైనది. గ్లూకోజు ఒక్కటే వస్తే దాటనివ్వదు, సోడియం ఒక్కటే వస్తే దాటనివ్వదు. రెండు సోడియంలు, ఒక గ్లూకోజు జట్టుగా వస్తే లోపలికి పంపిస్తుంది. వాటి వెనకే నీరు పోతుంది. ఉత్త నీళ్ళు ఇస్తే చాలకపోవడానికి, ఉప్పు పక్కన చక్కెర ఉండి తీరాలనడానికి కారణం ఇదే.

ఆ తలుపు దగ్గర ఏటీపీ, అంటే కణం శక్తి కోసం ఖర్చుపెట్టే పదార్థం, ఖర్చు కాదు. అలాగని అది ఉచితమూ కాదు. కణం లోపల సోడియం తక్కువగా ఉంటేనే బయటి సోడియం లోపలికి వస్తుంది. అలా తక్కువగా ఉంచేది కణం వెనకవైపు, అంటే రక్తం వైపు, పగలూ రాత్రీ నడిచే పంపు. ఒక్కో ఏటీపీ ఖర్చుపెట్టి మూడు సోడియంలని బయటికి తోసి, రెండు పొటాషియంలని లోపలికి తీసుకుంటుంది. డెన్మార్క్‌కి చెందిన యెన్స్ స్కౌ దీన్ని 1957లో ప్రకటించాడు, నలభై ఏళ్ళ తర్వాత నోబెల్ వచ్చింది.

మా మనవరాలికి పట్టిసీమ ఉదాహరణ చెప్పాను. గోదావరి నీళ్ళని కరెంటు పెట్టి మోటార్లు పైకి ఎత్తుతాయి. ఎత్తి కాలవలో వదిలాక అవి వాలు వెంట వాటంతటవే పారుకుంటూ ఇబ్రహీంపట్నం దగ్గర కృష్ణలో కలుస్తాయి. కాలవ మీద నిలబడి చూసేవాడికి ఎక్కడా మోటారు కనపడదు. కానీ అక్కడ మోటార్లు ఆపితే ఇక్కడ కాలవ ఎండుతుంది. పేగులో సోడియం అలా పల్లానికి పారుతుంటే, ఆ పారుదలకి కొట్టుకొచ్చే పడవలాగా గ్లూకోజు వస్తుంది. లోపలికి చేరిన గ్లూకోజు ఇంకో తలుపులోంచి, ఈసారి ఏ ఖర్చూ లేకుండా, ఎక్కువ ఉన్న చోటి నుంచి తక్కువ ఉన్న రక్తంలోకి దిగిపోతుంది. చెంచాడు ఓఆర్‌ఎస్‌లో సక్రియం ఉంది, నిష్క్రియం ఉంది, ద్రవాభిసరణ కూడా ఉంది. ఇంతా విని పిల్ల "మరి తేడాల పట్టికలో ఈ తలుపుని ఎటువైపు రాయాలి అమ్మమ్మా?" అంది. ఎంత మంచి ప్రశ్న! క్లాసులో అడిగితే సిలబస్ అవ్వదని కూర్చోమంటారట. నాకు చాలా బాధేసింది.

కలరాలో ఈ సంగతి ఇంకా స్పష్టంగా కనపడుతుంది. కలరా క్రిమి విషం పేగు కణం నుంచి క్లోరైడ్‌ని (ఉప్పులో సోడియంతో జతగా ఉండేది) బయటికి వదిలిస్తుంది, దాని వెంట సోడియం, నీరు వరదలా పోతాయి. ఆ విషం సంగతి కుందేలు పేగు మీద ప్రయోగం చేసి 1959లో చూపించింది కలకత్తాలోని శంభునాథ్ డే. అంత విషంలోనూ సోడియం, గ్లూకోజు జట్టుగా వెళ్ళే ఆ తలుపు మాత్రం చెడదు. ఆ జట్టు సంగతిని 1960లో రాబర్ట్ క్రేన్ అనే శాస్త్రవేత్త ప్రాగ్‌లో జరిగిన సభలో చెప్పాడు. 1971లో బంగ్లాదేశ్ శరణార్థులు పశ్చిమ బెంగాల్‌లోని బంగావ్ శిబిరాల్లో కలరాతో రాలిపోతుంటే, సెలైన్ సీసాలు అయిపోయి, డాక్టర్ దిలీప్ మహలనాబిస్ ఉప్పు, గ్లూకోజు, వంటసోడా మూడూ నీళ్ళలో కలిపించి తాగించారు. నూటికి ముప్పై దాకా ఉన్న మరణాలు నాలుగు లోపుకి దిగాయి. ఆయన పోయాక 2023లో పద్మవిభూషణ్ ప్రకటించారు.

ఏటీపీ అనగానే నాకు మన భీమవరం గుర్తుకొస్తుంది. యల్లాప్రగడ సుబ్బారావు గారు పుట్టింది అక్కడే, 1895లో. స్ప్రూ అనే జబ్బు ఆయన అన్నదమ్ములు ఇద్దరిని రోజుల తేడాలో పొట్టన పెట్టుకుంది, ఆయన్నీ పీడించింది. స్ప్రూ అంటే ఏమిటి? పేగు గోడ దెబ్బతిని, తిన్నది ఒంటికి పట్టకుండా పోవడమే. అలాంటి ఇంట్లోంచి వచ్చిన మనిషి బోస్టన్‌లో ఫిస్కే అనే శాస్త్రవేత్తతో కలిసి కండరంలోంచి ఏటీపీని వేరు చేశారు, 1929లో. అదే ఏడు జర్మనీలో లోమాన్ కూడా విడిగా కనుక్కున్నారు. పేగు గోడలో ఆ పంపు నడిచేది ఆ ఏటీపీతోనే. ఈ సంగతి చెప్తే మా పిల్ల పుస్తకం మూసేసి, ఇంకా చెప్పమని నా పక్కన కూర్చుంది.

ఇప్పుడు నా విన్నపాలు. ఇప్పటి ప్రపంచ ఆరోగ్య సంస్థ ఫార్ములా ప్రకారం లీటరుకి 2.6 గ్రాముల ఉప్పు, 13.5 గ్రాముల గ్లూకోజు, 1.5 గ్రాముల పొటాషియం క్లోరైడ్, 2.9 గ్రాముల సిట్రేట్ ఉంటాయి. అలా కలిపితే రక్తం కన్నా కాస్త పలచగా ఉండి నీరు లోపలికే పోతుంది. బజారులో లీటరు ప్యాకెట్లతో పాటు 200 మిల్లీలీటర్లలో కలిపే చిన్నవీ ఉన్నాయి. రెండూ ఒకే అరలో ఉంటాయి, చూడటానికి ఒకేలా ఉంటాయి. ఎన్ని నీళ్ళలో కలపాలో ఆ అంకె పెద్దగా, తెలుగులో, బాటిల్ బొమ్మతో సహా ప్యాకెట్ మీద వెయ్యాలి. మందుల షాపు తమ్ముళ్ళకి నా బతిమాలుకోలు: లీటరు ప్యాకెట్ అమ్మితే, చిల్లర తిరిగిస్తూ "లీటరు నీళ్ళలో మొత్తం ప్యాకెట్, ఒకేసారి కలపండమ్మా" అని ఒక్క మాట చెప్పండి. ప్యాకెట్ దొరక్కపోతే లీటరు కాచి చల్లార్చిన నీళ్ళలో చెంచాకి సమంగా ఆరు టీస్పూన్ల పంచదార, అర టీస్పూను ఉప్పు వెయ్యాలి. కూల్‌డ్రింకులు వద్దు. వాటిలో చక్కెర ఎక్కువ, ఉప్పు లేనట్టే, మళ్ళీ మాగాయ కథే. పళ్ళరసాల డబ్బాల మీద ఓఆర్‌ఎస్ అనే పేరు వాడకూడదని 2025 అక్టోబరులో ఆహార భద్రత సంస్థ ఆదేశాలిచ్చింది. దానికోసం ఏళ్ళ తరబడి పోరాడిన హైదరాబాద్ పిల్లల డాక్టరు శివరంజని సంతోష్ గారికి చేతులెత్తి దండం పెడతాను. బిడ్డ మత్తుగా ఉన్నా, తాగలేకపోతున్నా, విరేచనంలో రక్తం పడినా ఇంట్లో ప్రయత్నాలు చేస్తూ కూర్చోకుండా ఆసుపత్రికి తీసుకెళ్ళాలి.

మాస్టార్లకి, లెక్చరర్లకి ఒకటే మనవి. ఈ పాఠం చెప్పే రోజు ఒక ప్యాకెట్, ఒక లీటరు బాటిల్ క్లాసుకి పట్టుకెళ్ళండి. తేడాల పట్టిక తర్వాత రాయించొచ్చు.

ఆ తొడిమలు తీసే అమ్మాయి మరుసటి ఏడాది ఎండాకాలంలో మళ్ళీ వార్డుకి వచ్చింది. బాబు నడుస్తున్నాడు, పక్కింటావిడ పాపకి విరేచనాలని తోడు వచ్చిందట. చేతిలో ఖాళీ లీటరు బాటిల్ ఉంది. వాళ్ళ వీధిలో ఎవరి పిల్లలకి విరేచనాలైనా ప్యాకెట్ కలపడానికి ఆ బాటిలే తీసుకెళ్తారని, కలిపాక మళ్ళీ తెచ్చి తన గూట్లోనే పెడతారని చెప్పింది.

ఇట్లు,
ఒక విశ్రాంత స్టాఫ్ నర్సు,
కొరిటెపాడు, గుంటూరు.