ఫాతెన్ హమామా సినిమాలో కూసింది కోయిల కాదు

సంపాదకులకు నమస్కారం.

గత ఆదివారం అనుబంధంలో ఈజిప్టు నటి ఫాతెన్ హమామా మీద మీరు వేసిన వ్యాసం చూసి ఎంతో సంతోషించాం. తెలుగులో ఆమె గురించి రాసేవాళ్లే అరుదు. అందుకే అందులో దొర్లిన పొరపాట్లు అలాగే నిలిచిపోకూడదని ఈ ఉత్తరం రాస్తున్నాం.

హాలీవుడ్‌లోనూ పేరు తెచ్చుకున్న ఈజిప్టు నటుడు ఒమర్ షరీఫ్‌ను ముందుపెట్టి, ఆమెను ‘ఒమర్ షరీఫ్ భార్యగా పేరుపొందిన నటి’ అన్నారు. జరిగింది దానికి తలకిందులు. 1940లో మొహమ్మద్ కరీమ్ తీసిన ‘యౌమ్ సయీద్’లో ఆమె తొలిసారి తెరమీదికి వచ్చేనాటికి తొమ్మిదేళ్లు కూడా నిండలేదు. షరీఫ్ మొదటి సినిమా 1954లో యూసెఫ్ షాహీన్ తీసిన ‘సిరా ఫిల్ వాది’. అప్పటికే పద్నాలుగేళ్లుగా తెరమీద ఉన్న పెద్ద తార పక్కన ఆ కొత్త కుర్రాడికి అవకాశం దొరికింది. మరుసటి ఏడాది పెళ్లి, 1974లో విడాకులు. ఆమె జీవితంలో అదొక అధ్యాయమే, మొత్తం పుస్తకం కాదు.

‘దుఆ అల్ కరవాన్’ (1959)ను ‘కోయిల ప్రార్థన’ అని అనువదించారు. మీ రచయితను తప్పుపట్టలేం. ఇంగ్లిషులో ఆ సినిమాకు నైటింగేల్ అని పేరు పెట్టారు, అక్కణ్ణుంచి కోయిల వచ్చి వాలింది. కానీ కరవాన్ పాటల పిట్ట కాదు. పొడుగు కాళ్లు, పెద్ద పసుపు కళ్లు, పగలంతా నేలమీద నక్కి రాత్రిళ్లు గొంతెత్తి అరిచే పక్షి. దాని చుట్టమొకటి మన మెట్ట నేలల్లోనూ ఉంది. ఈజిప్టు రచయిత తాహా హుస్సేన్ రాసిన మూల నవలలోనూ, దాని ఆధారంగా హెన్రీ బరకాత్ తీసిన ఈ సినిమాలోనూ ఈ కూతకు ఒక పని ఉంది. ఊరి నుంచి వెళ్లగొట్టిన తల్లీకూతుళ్లలో పెద్దపిల్ల హనాదీ, తాను పనిచేసే ఇంటి ఇంజినీరు చేతిలో మోసపోతుంది. పరువు పేరుతో మేనమామే ఆమెను చంపేస్తాడు. చెల్లెలు ఆమ్నాకు ఆ హత్యను పదేపదే గుర్తుచేసేది కరవాన్ కూతే. కోయిల అనగానే మనకు చివుళ్లు, వసంతం, వలపు. ఆ మాట పడగానే సినిమా రుచే మారిపోతుంది. పగ తీర్చుకోవడానికి అదే ఇంజినీరు ఇంట్లో పనిమనిషిగా చేరిన ఆమ్నా పాత్రలో హమామా కళ్లు దించుకుని చేసిన నటనను ఆ చీకటి కూతతో కలిపి చూడాలి.

అసలు బాధ ఏమిటంటే, ‘అల్ హరామ్’ (1965) ఊసే వ్యాసంలో లేదు. యూసుఫ్ ఇద్రీస్ నవల ఆధారంగా మళ్లీ బరకాతే తీశారు, ఆ ఏడు ఫ్రాన్స్‌లోని కాన్ చిత్రోత్సవంలో పోటీకి వెళ్లింది. పత్తి చేలలో పురుగు ఏరడానికి వచ్చిన వలస కూలీ అజీజా. జబ్బుపడిన భర్త చిలగడదుంప అడిగితే పరాయి పొలంలో తవ్వబోయి, అక్కడే అత్యాచారానికి గురవుతుంది. కడుపు కనిపించకుండా గుడ్డతో బిగించి కట్టుకుని, అందరితోపాటే వంగి పనిచేస్తుంది. ఒంటరిగా కనేటప్పుడు కేక బయటికి రాకుండా పుల్ల ఒకటి పళ్ల మధ్య పెట్టి కొరుకుతుంది. పసిగుడ్డు ఏడుపు వినపడకుండా నోరు నొక్కితే ఊపిరే పోతుంది. ఆ తర్వాత బాలింత జ్వరం. అందచందాల తార చేయాల్సిన పాత్ర కాదని చాలామంది అనుకునే పాత్ర ఇది. మా దృష్టిలో ఆమె చేసినవాటిలో ఇదే శిఖరం. మరుసటి ఏడాదే ఆమె దేశం విడిచి వెళ్లి, 1971 దాకా బీరూట్, లండన్‌లలో ఉన్నారు. ఈజిప్టు గూఢచారి విభాగం ఒత్తిడే కారణమని ఆమే తరువాత చెప్పారు.

ఇక ‘ఉరీదు హల్లన్’ (1975). విడాకుల కోసం కోర్టు మెట్లెక్కి ఏళ్లు గడిపి ఓడిపోయే దుర్రియ్యా కథ. ‘ఈ సినిమాతో చట్టం మారింది’ అని ఒక్క ముక్కలో తేల్చేశారు. సినిమా రేపిన చర్చ పెద్దదే. కానీ పెళ్లి, విడాకుల నియమాలను సవరిస్తూ 1979లో వచ్చిన 44వ చట్టాన్ని 1985లో రాజ్యాంగ న్యాయస్థానం కొట్టేసింది, అదే ఏడాది దాని స్థానంలో 100వ చట్టం వచ్చింది. పెళ్లిలో భర్త ఇచ్చే మహర్‌ను వదులుకుని భార్యే విడాకులు పొందే ‘ఖుల్’ మార్గం తెరుచుకున్నది 2000 నాటి 1వ చట్టంతో. పాతికేళ్ల పోరాటమది, ఎందరో ఆడవాళ్ల శ్రమ.

చూడాలనుకునే పాఠకులకు ఒక మాట. ఇంగ్లిషు పేర్లతో వెతికితే తికమక పడతారు, ఒక్కో సినిమాకు రెండు మూడు పేర్లున్నాయి. ‘సిరా ఫిల్ వాది’ బదులు ‘సిరా ఫిల్ మీనా’ (1956) చేతికొస్తుంది, దానికీ దర్శకుడు షాహీనే, జంటా అదే. కాబట్టి ఏడాది సరిచూసుకోండి. యంత్రం చేసిన సబ్‌టైటిళ్లను నమ్మొద్దు. ఈ సినిమాల్లో మాటలు కైరో వాడుకలోనో, ఈజిప్టు పల్లెల యాసల్లోనో ఉంటాయి, యంత్రం వాటిని గ్రాంథిక అరబ్బీ అనుకుని అర్థం పాడుచేస్తుంది. ముందు ‘దుఆ అల్ కరవాన్’ చూసి, తర్వాత ‘అల్ హరామ్’కి వెళ్లండి.

వచ్చే ఆదివారం సవరణ వేస్తే ‘కరవాన్’ మాటను అనువదించకుండా అలాగే ఉంచి, పక్కన ‘రాత్రిళ్లు కూసే పక్షి’ అని చేర్చమని మనవి.

ఇట్లు,
ఫిల్మ్ సొసైటీ సభ్యులు,
హైదరాబాద్