చిట్టికి, పైపుల సంగతి

మల్లేశ్వరం, బెంగళూరు

చిట్టీ,

ఇక్కడ అందరం బాగున్నాం. మీ అమ్మ మోకాలినొప్పి అలాగే ఉంది, అయినా ఎనిమిదో క్రాసుకు వెళ్లి చిక్కుడుకాయలు బేరమాడి వస్తూనే ఉంది. మూడు ఆదివారాలుగా నువ్వు వీడియో కాల్ చేయలేదు. ఆఫీసులో పని ఎక్కువై ఉంటుందిలే.

మొన్న పంపిన ఫొటోలో సోఫా వెనక గోడ వెంబడి రెండు రాగి పైపులు చూశాను. ఒకటి గది వెచ్చబెట్టే రేడియేటర్‌కి వేడినీళ్లు తెచ్చేది, రెండోది తిరిగి తీసుకెళ్లేది, అంతేనా? రెండింటికీ తొడుగు లేదు! లోపలి నీళ్లు 60, 70 డిగ్రీలు ఉంటాయే. పాకే పిల్లాడు ఏది దొరికితే అది పట్టుకుని లేస్తాడు. సుగుణ పిన్ని ఏదో అంది. ఆవిడ మాటలు తెలిసినవేగా, నేను పట్టించుకోలేదు.

ఫ్యాక్టరీలో ముప్పై ఏళ్లు ఆవిరి పైపులతో వేగినవాణ్ణి కాబట్టి చెప్తున్నాను, లెక్చరు అనుకోకు. మీది అద్దె ఇల్లు. పైపు మీద నొక్కితే పట్టుకునే ప్లాస్టిక్ తొడుగులు తెచ్చుకుంటే గోడకు చిల్లు పెట్టే పని లేదు. చెక్క పెట్టె కట్టించాలంటే ఓనర్‌ను అడుగు. చెక్క పైపుకు ఆనకూడదు. రాగి వేడికి సాగుతుంది, చల్లారితే ముడుచుకుంటుంది, చెక్కకు రాసుకుంటే రాత్రంతా టిక్కుటిక్కుమంటుంది. బుజ్జిగాడు అసలే చప్పుడైతే లేచిపోతాడు.

మన హాల్లో పెట్టె గుర్తుందా? నీ పెళ్లిచూపులకు ముందు, మూలన పైనుంచి దిగే ట్యాంకు పైపు మగపెళ్లివారికి కనబడకూడదని మీ అమ్మ పట్టు పట్టింది. కార్పెంటర్ ప్లైవుడ్ పెట్టి, జిగురు పూసి, మేకులు దిగ్గొట్టి, పైన టేకు రంగు సన్‌మైకా అతికించాడు. అందరూ మెచ్చుకున్నారు. వాల్వ్ లోపల ఉండిపోయిందని ఒక్కరికీ తోచలేదు, నాకు కూడా. రెండు నెలలకు గోడ చెమర్చింది, తర్వాత చెదలు. ఒకరోజు పొద్దున్నే జాయింటు ఊడి హాలంతా నీళ్లు. వాల్వ్ అందదు, పెట్టె ఊడదు. పక్కింటి గడ్డపార తెచ్చి నేను బాదుతుంటే మీ నానమ్మ మంచం మీద కాళ్లు పైకి పెట్టుకుని "ఇంకో మేకు కొట్టించరా" అంది. దాచిన పైపును ఆ రోజు వీధివీధంతా వచ్చి చూసింది. అమ్మ కంచిపట్టు చీర అంచుకు ఆ మరక ఇప్పటికీ ఉంది.

అందుకే మేకులు వద్దు, స్క్రూలు పెట్టించు. వాల్వ్ దగ్గర తలుపు ఉంచమను. రేడియేటర్ పక్కన అంకెలున్న గుండ్రటి మర ఉంటే అది పెట్టె బయటే ఉండాలి. లోపల పడితే పెట్టెలో వేడినే గది వేడి అనుకుని నీళ్లు ఆపేస్తుంది, మీరు వణుకుతూ కూర్చోవాలి. అల్లుడిగారికి కూడా చెప్పు. ఈ పని పైవారానికి వాయిదా వేయకండి.

ఎక్కడైనా కాలితే వెంటనే చల్లటి కుళాయి నీళ్ల కింద 20 నిమిషాలు పెట్టాలి. ఐసు, టూత్‌పేస్టు, అమ్మ చెప్పే వెన్న ఏవీ వద్దు. బొబ్బ లేస్తే చిదపకుండా డాక్టరుకు చూపించాలి. ఊరికే చెప్తున్నాను.

అమ్మ కందిపొడి, చింతకాయ పచ్చడి కట్టింది. సీసా మూతకు టేపు నేనే చుట్టాను.

నువ్వు పంపినవి నాలుగు ఫొటోలు. నాలుగింటిలోనూ బుజ్జిగాడి ఎడమ చెయ్యి కనబడలేదు. అమ్మతో అనలేదు. ఈసారి రెండు చేతులూ కనబడేలా తీసి పంపు.

నాన్న