ఒక్క సెకను పచ్చ వెలుగు

విశాఖపట్నం

అమ్మలూ,

నీ నవల మూడు అధ్యాయాలూ చదివాను. నీ ద్వీపంలో పొద్దు పొడిచే క్షణాన ఆకుపచ్చ మెరుపు రావడం, దాన్ని కళ్లారా చూసినవాడికే సాక్ష్యం చెప్పే హక్కు ఉండడం బాగుంది. కానీ రెండో అధ్యాయంలో ఆ మెరుపుని ఐదు నిమిషాలు నిలబెట్టావు, ఊరంతా పచ్చరంగులో ముంచావు. మాయాలోకం కాబట్టి నీ ఇష్టం. అయితే ఇలాంటిది మన భూమ్మీద నిజంగానే ఉంది. దాని లెక్క తెలిస్తే నీ కథకే లాభం.

గాలి కాంతిని వంచుతుంది. సముద్రపు అంచు దగ్గర ఆ వంపు సుమారు 34 కళలు. పంచాంగంలో కళలే: డిగ్రీలో 60వ వంతు కళ, కళలో 60వ వంతు వికళ. సూర్యబింబం వెడల్పు 32 కళలు. అంటే బింబం అడుగు నీటిగీతని వదిలినట్టు మనకి కనిపించే వేళకి అసలు సూర్యుడు ఇంకా ఆ గీత కిందే ఉంటాడు.

ఎరుపుకన్నా ఆకుపచ్చ ఒక పిసరు ఎక్కువ వంగుతుంది, ఇంచుమించు 15 వికళలు. అందుకని బింబం పై అంచుకి సన్నని ఆకుపచ్చ గీత, కింది అంచుకి ఎర్ర గీత. నీలం ఇంకా పైన ఉండాలి గానీ, అంత మందాన గాలిని దాటేలోపు చెదిరిపోతుంది. గాలి మరీ శుభ్రంగా ఉన్న రోజున నీలం మెరుపు కూడా పడుతుంది. ఇక ఆకాశంలో సూర్యుడి నడక సెకనుకి 15 వికళలు. ముందు ఆకుపచ్చ గీత లేచి, దాని వెనకే మిగతా బింబం రావడానికి పట్టే వేళ కావాలంటే 15ని 15తో భాగించు. మెరుపు ఒక్క సెకనే ఎందుకో తెలిసిపోతుంది.

నీ లోకంలో రోజుకి 48 గంటలు పెట్టావనుకో, మెరుపు రెండు సెకన్లవుతుంది. నిమిషాల తరబడి కావాలంటే ద్వీపాన్ని ధ్రువం వైపు జరుపు. అక్కడ సూర్యుడు నిటారుగా లేవకుండా అంచు వెంబడి ఏటవాలుగా జారతాడు. 1929లో అంటార్కిటికాలో అమెరికన్ అన్వేషకుడు రిచర్డ్ బెర్డ్ బృందం 35 నిమిషాలపాటు ఆగి ఆగి ఆ వెలుగు చూసింది. వెలుగుని సాగదీయకు, ఊరిని జరుపు.

ఇంకో చిక్కుంది. మన కన్ను విడిగా గుర్తుపట్టగల అతి చిన్న కొలత సుమారు 60 వికళలు. 15 వికళల గీత దానికి బాగా ఆనదు, ఎవరో పెద్దది చేసి చూపించాలి. ఆ పని ఎండమావి చేస్తుంది. నీళ్లు వెచ్చగా, పైన గాలి చల్లగా ఉంటే బింబానికి కింద తలకిందుల నీడ ఒకటి అతుక్కుంటుంది. ఉదయం మొదట నీటి మీద కనిపించే చిన్న పచ్చ చుక్క ఆ రెండూ కలిసిందే. గాలిలో దుమ్ము, పొగమంచు ఉంటే ఏమీ ఉండదు. సూర్యుడు ఎర్రగా, చూడ్డానికి హాయిగా లేస్తే ఆ రోజు మెరుపు లేనట్టే. మొదటి ముక్కే కళ్లు చెదిరేలా పసుపుతెలుపులో వస్తేనే ఆశ. ఇంతా చేసి, ఆ చుక్క వెలుగు చాలా తక్కువ. ఇసక మీదా గోడల మీదా పచ్చరంగు పడదు. ఆ వాక్యం కొట్టేయ్.

దాని బదులు ఇది వాడుకో. 100 మీటర్ల కొండ మీది కావలివాడికి మెరుపు కనిపించిన నిమిషం తర్వాతగానీ ఒడ్డున నిలబడ్డవాడికి కనిపించదు. ఎత్తు పెరిగినకొద్దీ క్షితిజం కిందికి దిగుతుంది మరి. ఇద్దరూ నిజమే చెబుతారు, వేళలు మాత్రం కలవవు. నీ న్యాయసభకి ఇంతకన్నా మంచి తగువు దొరకదు.

దొంగ సాక్షి కావాలంటే సాయంత్రం వాడు కావాలి. దిగే సూర్యుణ్ణి ముందునుంచీ తేరిపార చూస్తే కంట్లో ఎరుపుని పట్టే కణాలు అలిసిపోయి పసుపు బింబమే ఆకుపచ్చగా తోస్తుంది. వాడు అబద్ధమాడడు, కన్ను ఆడుతుంది. ఇదంతా కంటి భ్రమే అన్న వాదన చాలాకాలం నడిచింది. 1958లో వాటికన్ అబ్జర్వేటరీ అచ్చువేసిన కలర్ ఫోటోలతో అది ఆగింది. ఉదయపు సాక్షికి ఈ బెడద లేదు, చీకటిలో ఉన్న కన్ను కదా.

ఇంకొకటి. ఉత్త ‘పచ్చ’ అని రాయకు. మనకి పచ్చంటే పసుపూ అవుతుంది, ఆకుపచ్చా అవుతుంది. ఈ వెలుగు సరిగ్గా ఆ రెంటి మధ్యే నడుస్తుంది.

సంక్రాంతికి వచ్చినప్పుడు చూద్దువుగాని. ఆ రోజుల్లో ఇక్కడ పొద్దు 6:30 ప్రాంతంలో, దిక్సూచి మీద 112 డిగ్రీల దగ్గర పొడుస్తుంది. జూన్ చివరికి అది 65కి వెళ్లిపోతుంది కాబట్టి పాత గుర్తులు నమ్మకు. ఐదు నిమిషాల ముందే ఆ చోట కన్ను నిలుపు. బైనాక్యులర్స్ వద్దు, చుక్క వెనకే బింబం వచ్చేస్తుంది, కళ్లు పోతాయి. కెమెరా అయితే 500 మిల్లీమీటర్ల లెన్స్ పెట్టు, సెన్సార్ మీద సూర్యుడు నాలుగున్నర మిల్లీమీటర్లకి కాస్త పైనే వస్తాడు. వ్యూఫైండర్‌లోంచి కాకుండా వెనక తెర మీద చూస్తూ, వరసగా నొక్కుతూ పో. ఎక్స్‌పోజర్ తగ్గించి, వైట్ బ్యాలెన్స్ డేలైట్‌లో పెట్టు. ఆటోలో వదిలేస్తే ఆ పచ్చదనం కాస్తా కెమెరాయే దిద్దేస్తుంది.

మీ నాన్న