పిల్లల కథలకు ఒక పుట ఇవ్వండి

సంపాదకుల వారికి నమస్కారం.

ఒక జపాన్ యానిమే (కార్టూన్ ధారావాహిక)లోని పాత్రలు మరొక యానిమేను చూస్తూ మాట్లాడుకున్నట్లు మా అనంతపురం విద్యార్థులు రాస్తున్న కథలను కాలక్షేపమని తోసిపుచ్చడం న్యాయం కాదు. ‘వన్ పీస్’లో తమ్ముడు లూఫీని కాపాడబోయి ఏస్ ప్రాణం విడిచే ఘట్టాన్ని, అన్న ఇటాచిని తన చేతులతోనే చంపాలనే పగతో పెరిగిన ‘నరుటో’లోని సాసుకే చూస్తే ఏమంటాడో రాయాలంటే, ఆ రెండు కథలనూ, అందులోని మనసులనూ లోతుగా ఎరిగి ఉండాలి. తోలుబొమ్మలాటలో రామాయణం నడుస్తుండగానే హాస్య పాత్రలైన బంగారక్క, జుట్టుపోలిగాడు వచ్చి మాట కలపడం నిమ్మలకుంట కళాకారులను ఎరిగిన ఈ ప్రాంతానికి కొత్త కాదు కదా! ఇంగ్లీషులో రాస్తున్న పిల్లలు తెలుగువైపు మళ్లేలా, మీ ఆదివారం అనుబంధంలో నెలకొక పుటను ఇలాంటి కథలకు కేటాయించవలసిందిగా మనవి.

– ఒక ఉపాధ్యాయురాలు, అనంతపురం