మాజీ సైనికుల చేత పేరు మార్చి రాయించండి

సంపాదకుడు గారికి,

డిసెంబరు 7 వస్తే పతాక దినోత్సవం విరాళాలు, శాలువాలు, నాలుగు ఫొటోలు. మాజీ సైనికుడి చేతికి మైకు ఇచ్చి మెడల్స్ గురించే అడుగుతాం. భయం వేసిందా, పైవాళ్ల నిర్ణయం తప్పనిపించిందా అని అడగం. అడిగినా, ఊరందరి ముందు సొంత పేరుతో ఎవరు చెబుతారు?

మొదటి ప్రపంచ యుద్ధంలో పోరాడిన ఇంగ్లిష్ కవి సీగ్‌ఫ్రీడ్ ససూన్ దీనికో ఉపాయం చేశాడు. (ముంబైలో ససూన్ డాక్స్ కట్టించిన కుటుంబంవాడే.) తన కథనే జార్జ్ షెర్‌స్టన్ అనే కుర్రాడి కథగా 1928, 1930, 1936ల్లో మూడు పుస్తకాలు చేశాడు. ససూన్‌కు తల్లి, ఇద్దరు సోదరులు ఉన్నారు. షెర్‌స్టన్ అత్త దగ్గర పెరిగిన అనాథ. కవిత్వమూ రాయడు! గుర్రాలు, నక్కల వేట, క్రికెట్, పనీపాటా లేని యవ్వనం... మొదటి పుస్తకంలో ఎక్కువ భాగం ఇదే. యుద్ధం చివర్లో గానీ రాదు. అప్పటికి ఆ కుర్రాడు మనకు బాగా తెలిసినవాడైపోతాడు.

ససూన్ పిరికివాడేం కాదు. 1916లో ధైర్యసాహసాలకిచ్చే మిలిటరీ క్రాస్ పతకం అందుకున్నాడు. మరుసటి ఏడాది, ఆపగలిగినవాళ్లే యుద్ధాన్ని కావాలని సాగదీస్తున్నారని ప్రకటన రాస్తే, జులై 30న దాన్ని బ్రిటిష్ పార్లమెంటులో చదివారు. మిత్రుడు రాబర్ట్ గ్రేవ్స్ పూనుకోవడంతో కోర్టు మార్షల్ తప్పి, ఎడిన్‌బరో దగ్గర, యుద్ధంలో మనసు దెబ్బతిన్న అధికారులకు వైద్యం చేసే క్రెయిగ్‌లాక్‌హార్ట్ మిలిటరీ ఆస్పత్రికి చేరాడు. అంత ఎదిరించినవాడు ఆ తర్వాత తనే ఒప్పుకుని మళ్లీ యుద్ధానికి వెళ్లాడు. ఈ మెలికను స్టేజీ మీద రెండు నిమిషాల్లో ఎలా చెప్పగలం? షెర్‌స్టన్ పేరు మీద మాత్రం తీరుబడిగా చెప్పాడు. గ్రేవ్స్ పేరూ మార్చాడు. వైద్యం చేసిన డాక్టర్ రివర్స్‌ను మాత్రం అసలు పేరుతోనే ఉంచాడు. నీలగిరుల్లోని తోడా గిరిజనుల మీద పుస్తకం రాసిన రివర్స్ ఈయనే.

మన పశ్చిమ గోదావరిలో మిలిటరీ మాధవరం ఉంది. ప్రపంచ యుద్ధాల కాలం నుంచీ సైన్యానికి మనుషుల్ని పంపిన ఊరు. అలాంటి ఊళ్లలో జిల్లా గ్రంథాలయ సంస్థ, సైనిక సంక్షేమ కార్యాలయం కలిసి ఒక పని చేయొచ్చు. సర్వీసు రహస్యాలు ఎలాగూ రాయకూడదు. మిగతాది పేర్లు, ఊళ్లు మార్చి కథగా రాయమనండి. రాయలేని పెద్దల మాటలు కాలేజీ పిల్లలు రాసిపెడతారు. అచ్చుకు డబ్బేదీ అంటారేమో, ఆస్తి పన్నుతో పాటు గ్రంథాలయ సెస్సు కడుతూనే ఉన్నాం కదా.

ఒక్క మనవి. దీన్ని పోటీ చేసి బహుమతులు పెట్టకండి. పెడితే మళ్లీ అవే వీరగాథలు వస్తాయి.

- ఒక పాఠకుడు, తాడేపల్లిగూడెం