సినిమా దుస్తుల పనిని ఒక్క వాక్యంలో తేల్చేస్తారా?

సంపాదకుడు గారికి,

మిర్యాలగూడ కళాకారుడు, 2024లో కన్నుమూసిన 'దాసి' పిట్టంపల్లి సుదర్శన్ గురించి పోయిన వారం మీ జిల్లా అనుబంధంలో వేసిన వార్త మీదే ఈ ఉత్తరం. 'నటీనటులకు బట్టలు ఎంపిక చేసేవారు' అని ఒక్క మాటతో ఆయన పనిని ముగించారు. జాతీయ అవార్డు వచ్చిన పనికి ఇదా వివరణ?

బి.నర్సింగరావు తీసిన 'దాసి' సినిమాకి 36వ జాతీయ అవార్డుల్లో దుస్తులకు సుదర్శన్‌కు, కళా దర్శకత్వానికి తోట వైకుంఠానికి పురస్కారాలు దక్కాయి. ఈ రెండు పనులూ ఒకదాన్ని పట్టుకుని ఒకటి నడుస్తాయి. గోడ రంగు తేలితే గాని గుడ్డ రంగు తేలదు. సున్నం కొట్టిన దొర గడీ గోడ ముందు తెల్లధోవతి మనిషిని నిలబెడితే గోడలో కలిసిపోతాడు. అదే నీలిమందు పెట్టిన తెలుపైతే లైట్ల కింద మెరిసి, కొత్త గుడ్డ అని పట్టిచ్చేస్తుంది. అందుకే తెల్ల గుడ్డను పలచటి టీ డికాషన్‌లో ముంచి, ఆరేసి, గోడ పక్కన పెట్టి చూసుకుంటారు.

కొత్త గుడ్డను పాతది చేయడం ఇంకా కష్టం. ముందు గంజి పోయేదాకా ఉతకాలి. తర్వాత మెడపట్టీ, మోచేతులు, మోకాళ్లు, మోతబరువు ఆనే భుజం మాత్రమే గరుకు కాగితంతో రుద్దాలి, ఎందుకంటే నిజంగా అరిగేవి అవే. గుడ్డంతా ఒకే తీరుగా రుద్దితే వేషమని తెలిసిపోతుంది. తొందరపడి బ్లీచింగ్ ఎక్కువ పోస్తే నూలు చివికి, వాన సీన్‌లో మొదటి టేకుకే చిరుగుతుంది. షూటింగ్ కథ వరుసలో జరగదు కాబట్టి ఒకే అంగీ కనీసం మూడు తయారుచేసుకోవాలి: కొత్తది, మాసింది, చిరిగింది. ఏ సీన్‌లో ఎన్ని గుండీలు విప్పి ఉన్నాయో, చేయి ఎన్ని మడతలు పెట్టారో ఫొటోలతో సహా పుస్తకంలో రాసుకోవాలి. లేదంటే ఒకే సంభాషణలో చేతి మడత పైకీ కిందికీ పోతుంది.

మరి ఈ రోజుల్లో తెలంగాణ పాతకాలం కథలని చెప్పి ఏం చూపిస్తున్నారు? రజాకార్ల నాటి పల్లెలో కూలి మనిషికి పోచంపల్లి పట్టుచీర! పోచంపల్లిలో పట్టు నేత మొదలైందే 1970 ప్రాంతంలో. పైగా సినిమాలో కట్టించేది అసలు ఇక్కత్ కూడా కాదు, అచ్చు గుడ్డ. ఇక్కత్‌లో దారానికే ముందు రంగు అద్ది నేస్తారు కాబట్టి రంగు రెండు వైపులా ఒకేలా ఉంటుంది, గీతల అంచులు కొంచెం చెదిరినట్టు కనిపిస్తాయి. అచ్చు గుడ్డ వెనక వైపు వెలవెలబోతుంది, కొంగు తిరగబడగానే బయటపడుతుంది. పొలంలో నాటు వేసే ఆడమనిషికి గోచి కట్టించాలంటే ఎనిమిది మీటర్లకు పైగా చీర కావాలి. అయిదున్నర మీటర్ల చీరతో అది కుదరక, కుచ్చిళ్లు దోపి సరిపెడుతున్నారు. పాలమూరు గొల్లల గొంగడి చింతగింజల గంజి పట్టించడం వల్ల బిరుసుగా నిలుస్తుంది. దాని బదులు మెత్తటి మిల్లు దుప్పటి కప్పితే భుజం మీది నుంచి జారిపోతూ ఉంటుంది.

నూనె పట్టించిన నూలుతో నేసే పుట్టపాక తేలియా రుమాలు, నారాయణపేట గళ్ల చీర, గద్వాల నూలు చీరకు పట్టు అంచు కలిపే నేత, అన్నీ మన చుట్టూనే ఉన్నాయి. అడిగితే చెప్పే నేతగాళ్లూ ఉన్నారు. ఇక్కడి పిల్లలకు సినిమా దుస్తుల పని నేర్పే ఒక్క కోర్సు మాత్రం మన జిల్లాలో కనిపించదు. ఏటా ఆగస్టు 7న చేనేత దినోత్సవం వస్తుంది. అధికారులు శాలువా కప్పి, ఫొటో దిగి వెళ్లిపోతారు. చౌరస్తాకో విగ్రహం పెట్టడానికి దొరికే డబ్బు, ఒక కళాకారుడు గీసిన బొమ్మలు భద్రపరచడానికి దొరకదు. అడిగితే ఒక శాఖ ఇంకో శాఖను చూపిస్తుంది.

అధికారులారా, నల్లగొండ దగ్గరి పానగల్లు మ్యూజియంలో ఒక గది ఇవ్వండి. సుదర్శన్ గీసిన బొమ్మలు, ఆ కాలపు దుస్తుల నమూనాలు, ఫొటోలు సేకరించి పెట్టండి. గుడ్డలను ప్లాస్టిక్ సంచుల్లో కుక్కొద్దు, చెమ్మ పట్టి బూజొస్తుంది. జరీ ఉన్నవాటిని మడత పెడితే మడత దగ్గరే తెగుతాయి. కోరా గుడ్డ చుట్టిన గొట్టానికి చుట్టి, ఎండ తగలని చోట ఉంచాలి. మీ పత్రిక కూడా ఆయన పనిని తెలిసినవాళ్లతో రాయించి, ఈసారి పూర్తి పేజీ వేయాలి.

— ఒక పాఠకుడు, నల్లగొండ